‘పాత మిషన్ల తెలుగు గింతే వస్తది’ అన్నోళ్ళకు

ఇయ్యాల సాయంత్రం నల్లగొండ క్లాక్ టవర్ కాడ ఒక మొబైల్ రిపేరు దుకాణంల జరిగిన ముచ్చట. ఇంకా కడుపు మండుతనే ఉంది. ఏడో ఎనిమిదో చదివే పిలగాడు, చేతుల డీఎస్ లైట్, నింటెండో వాళ్ళ పాత ఆటల మిషన్. బయటిదేశంల ఉండే మేనమామ ఇచ్చిందట. దాంట్లున్న ఆటను తెలుగుల చేసిస్తనని దుకాణపాయన మూడొందలు తీసుకున్నడు. పిలగాడు ఆన్ చేసి చూపించిండు. “అన్నా, గిదేంది? ఒక్క ముక్క చదవొస్తలేదు.” ఆయన ఎవరిదో ఫోన్‌కు గ్లాస్ అతికిస్తుండు. తల గూడ ఎత్తలేదు. “పాత మిషన్ గద తమ్మీ, తెలుగు గింతే వస్తది” అన్నడు.

గింతే వస్తదా? ఎవరు చెప్పిన్రు?

ఆ తెర మీద ఏమున్నదో చెప్త. “స్త్రీ” అని రావాల్సిన కాడ స, పక్కకు పొల్లు, దాని పక్కకు త, మల్ల పొల్లు, ర, ఆఖరుకు గుడిదీర్ఘం. ఆరు ముక్కలు వరుసగ. పొల్లుకు, గుడికి చుక్కలతోటి గీసిన సున్నాలు. ఆ చుక్కల సున్నా మిషన్ తప్పు కాదు, తెలుగు తప్పు అసలే కాదు. కంప్యూటర్ల ఒక్కో కోడ్‌ను విడిగ బొమ్మ తీస్తే, హల్లు లేకుండ ఒంటరిగ దొరికిన మాత్రకు కంప్యూటరే ఆ సున్నా తగిలిస్తది, ఈడ ఒక అక్షరం ఉండాలె అని చెప్పనీకి. ఆ ప్యాచ్, అంటే ఆటను తెలుగుల మార్చే ఫైల్, చేసినాయన దాన్ని గూడ అక్షరంల భాగమే అనుకోని ఫాంట్‌ల కలిపిండు. అంటే తయారైనంక ఒక్కపారి గూడ తెర మీద చదవలేదు. చదవనోడు చేసిండు, చదవనోడు అమ్మిండు, తప్పు మాత్రం తెలుగు మీదికి తోసిన్రు.

యూనికోడ్‌ల తెలుగుకు ఇచ్చింది 128 గదులు. దాంట్ల స్త్రీ అనే గది లేదు, క్క అనే గది లేదు. ఫోన్ల మనం స్త్రీ అని కొడితే లోపలుండేది ఆరు కోడ్‌లే. వాటిని చూసి ఒత్తు యాడ పెట్టాలె, గుడి ఎట్ల కలపాలె అని లెక్కగట్టి ఒక్క రూపం చేసేది ఫోన్లో ఉన్న వేరే ప్రోగ్రాం. 2004ల వచ్చిన డీఎస్‌ల ఆటలకు అసొంటి ప్రోగ్రాం లేదు. వాటికి తెలిసింది ఒకటే: ఒక కోడ్‌కు ఒక బొమ్మ గియ్యి, ఇన్ని పిక్సెళ్ళు కుడికి జరుగు. జపాన్ భాషను గూడ గట్లనే గీస్తది. వాళ్ళ కంజీ అక్షరాలకు వందలు, వేల బొమ్మలు మోసిన మిషన్‌కు మన అయిదారు వందలు బరువైతయా? 16కు 16 బొమ్మ, పిక్సెల్‌కు రెండు బిట్లు, ఒక్కోటి 64 బైట్లు. 600 బొమ్మలకు 38,400 బైట్లు. మిషన్ ర్యామ్ 4 ఎంబీ. గింతే వస్తదనేటోళ్ళు ఈ లెక్క ఒక్కపారన్న గట్టిన్రా?

అక్షరాలు కలిపే పని మిషన్ చెయ్యదు కాబట్టి కంప్యూటర్ల మనమే ముందుగాల చెయ్యాలె, కలిపినవి దానికి ఇయ్యాలె. సొంత క్యాట్రిడ్జి (మిషన్ల పెట్టే ఆట చిప్పు) నించి రోమ్, అంటే ఆట మొత్తం ఉండే ఫైల్, తీసుకోవాలె. హోంబ్రూ (కంపెనీవి కాని సొంత ప్రోగ్రాంలు) ఎక్కించిన 3డీఎస్, అంటే డీఎస్ తర్వాతి మిషన్, ఉంటే గాడ్‌మోడ్9 అనే ప్రోగ్రాం తోటి నేరుగ వస్తది. ఎన్‌డీఎస్‌టూల్ అనే ప్రోగ్రాం తోటి విప్పితే ఆర్మ్9, ఆర్మ్7 (రెండు ప్రాసెసర్ల కోడ్), ఓవర్‌లేలు, వాటి పట్టికలు, డేటా ఫోల్డర్, బ్యానర్ (మెనూల కనిపించే పేరు, ఐకాన్), హెడర్ వేరువేరుగ బయటికొస్తయి. మల్ల మూట గట్టేటప్పుడు అన్నిటిని వాపస్ ఇయ్యాలె. ఓవర్‌లే పట్టిక మర్చిపోతే ఆట తెల్ల తెర కాడనే ఆగుతది, ఇగ ఫాంట్‌ల తప్పుందనుకోని రెండు రోజులు దాని ఎంబడి పడుతరు.

చాన ఆటలల్ల ఫాంట్ ఎన్‌ఎఫ్‌టీఆర్ అనే ఫైల్‌ల ఉంటది, టింకే అనే ప్రోగ్రాం తోటి తెరవొచ్చు. దాంట్ల బొమ్మలు, వాటి వెడల్పులు, ఏ కోడ్‌కు ఏ బొమ్మ అనే పట్టిక ఉంటయి. వెడల్పు కాడ ఒక్కో బొమ్మకు మూడు బైట్లు: ఎడమకు ఎంత వదలాలె, బొమ్మ ఎంత, గీసినంక ఎంత జరగాలె. ఆ మూడో బైట్ తోటే తెలుగు నిలబడతది. మాటలు బీఎంజీ ఫైళ్ళల్ల యూటీఎఫ్-16 (యూనికోడ్ రాసే ఒక తీరు) తోటి ఉంటే మన అదృష్టం. యూనికోడ్‌ల సొంత వాడకానికి వదిలేసిన 6,400 గదులున్నయి, E000 నించి F8FF దాక. మన కలిపిన అక్షరాలను ఆడ పెట్టుకోవాలె. షిఫ్ట్-జిస్ (జపాన్ వాళ్ళ పాత కోడ్ తీరు) ఉన్న ఆట అయితే జపాన్ రోమ్ తీసుకోని కంజీ గదులల్ల మన అక్షరాలను కూసోబెట్టాలె. మాటల నడుమ 1ఏ తోటి మొదలయ్యే కోడ్‌లు కనిపిస్తే ముట్టొద్దు. రంగు మార్చుడు, ఆటగాని పేరు తెచ్చుడు అసొంటివన్ని అవే. వాటిని చెడగొడితే డైలాగు నడుమనే ఆట బిగుసుకపోతది.

గుణింతాన్ని విడగొట్టొద్దు. క మీద తలకట్టు ఉంటది, కి అయితే తలకట్టు పోయి ఆ జాగల గుడి వస్తది. క బొమ్మ మీద గుడి బొమ్మ ఎక్కిస్తే రెండు కలిసి ముద్దయితది. కాబట్టి క, కా, కి, కీ అన్ని వేరువేరు బొమ్మలు. 35 హల్లులకు 14 లెక్కన 490. భయపడాల్సింది లేదు. అనువాదం మొత్తం ముందు అయిపోగొట్టి, చిన్న పైథాన్ స్క్రిప్టు తోటి ఏ అక్షరాలు నిజంగ వాడినమో ఏరుకుంటే చాన తగ్గుతయి. ఎవరు వాడని ఙ గుణింతం కూసోని గీసుడెందుకు?

ఒత్తులను మాత్రం విడిగ ఉంచాలె. ఒత్తు బొమ్మకు జరిగే బైట్ సున్నా పెట్టి, దాన్ని అక్షరం కంటె ముందు రాయాలె. “న్నా” అంటే ముందు న ఒత్తు, తర్వాత నా. ఒత్తు గీసినంక కలం జరగదు, అదే జాగల నా వచ్చి పైన కూసుంటది. ఒక్క షరతు: ఆట అక్షరాన్ని గీసేటప్పుడు ఖాళీ పిక్సెళ్ళను వదిలెయ్యాలె. గడి మొత్తం తుడిచి గీసే ఆట అయితే ఒత్తు మాయమైతది, అప్పుడు ఒత్తు తోటి సహా కలిపి గీసుడు తప్ప వేరే తొవ్వ లేదు. య ఒత్తు కుడి పక్కకు సాగుతది, దాన్ని అక్షరం తర్వాత పెట్టి అయిదు పిక్సెళ్ళు ఇయ్యాలె. ర ఒత్తు అక్షరాన్ని ఎడమ నించి చుట్టుకుంటది, సన్న అక్షరాలకు ఒకటి, వెడల్పు అక్షరాలకు ఒకటి గీసుకోవాలె. స్త్రీ, ష్ట్ర అసొంటి రెండొత్తులవి ఏరితే చేతివేళ్ళ మీద లెక్కబెట్టేటన్ని ఉంటయి, వాటిని పూర్తి బొమ్మలుగనే గీస్తె నయం. ఇంకోటి, వరుస ఎక్కడ ఇరగాలెనో ఆటకు వదిలెయ్యొద్దు. ఒత్తు ఈ వరుస చివర్ల, అక్షరం తర్వాత వరుసల పడతయి. ప్రతి వరుస మనమే ఇరగ్గొట్టాలె.

ఇగ పిక్సెళ్ళ ముచ్చట. ఇంగ్లీషుకు 12 పిక్సెళ్ళ ఎత్తు సరిపోతది, తెలుగుకు చాలదు. 16 ఉండాలె: తలకట్టుకు 3, ఒంటికి 7, ఒత్తుకు 6. ఆ దుకాణపాయన ఎక్కిచ్చిన దాంట్ల అంతా 12లనే కుక్కిన్రు. ద, ధ, థ పక్కపక్కన పెట్టి చూడున్రి. ధ కింద నిలువు గీత రెండు పిక్సెళ్ళన్న దిగకపోతే “ధనం” కాస్త “దనం” అయితది. థ కడుపుల చుక్క ఉంటది, దానికి లోపల మూడు పిక్సెళ్ళ ఖాళీ కావాలె, నడుమ చుక్క, అటొకటి ఇటొకటి. రెండే వదిలితే చుక్క గోడకు అంటుకోని “కథ” కాస్త చదవరాకుండ పోతది. డైలాగు డబ్బా ఎత్తు 48 పిక్సెళ్ళు ఉంటే 12 లెక్కన నాలుగు వరుసలు పట్టేది, 16 లెక్కన మూడు పడతయి. ఒక వరుస పోయింది, అంతే. కొన్ని ఆటలల్ల వరుసల దూరం ఫాంట్ ఫైల్‌ల ఉండదు, ఆర్మ్9ల గట్టిగ రాసిపెట్టి ఉంటది. దాన్ని బీఎల్‌జెడ్ అనే ప్రోగ్రాం తోటి విప్పి, ఆ 12ను ఎతికి 16 చెయ్యాలె. కష్టమే. రాత్రులు కూసోని చేసే పనే. కాని అయ్యే పని.

మన పానగల్లు గుళ్ళ కాడికి పోయి శాసనాలు చూడున్రి. ఉలి తోటి రాయి మీద చెక్కినోళ్ళు గూడ ఒత్తుకు కింద జాగ ఇడిసిపెట్టిన్రు. రాయి మీద అయిన పని రబ్బరు తోటి తుడిచి గీసే తెర మీద కాదా?

ఆ దుకాణాల పనితనం గురించి ఇంకేం చెప్పాలె. 32 జీబీ అని పైన రాసిన మెమరీ కార్డులల్ల కొన్నిట్ల నిజంగ నాలుగు కూడ ఉండదు. హెచ్2టెస్ట్‌డబ్ల్యూ అనే పరీక్ష ప్రోగ్రాం ఒక్కపారి నడిపితే దొరుకుతది, నడపరు. ప్యాచ్‌ను ఐపీఎస్ అనే రకంల ఇస్తరు. ఐపీఎస్ 16 ఎంబీ దాటితే పనికిరాదు, పైగ ఏ రోమ్ మీద వేస్తున్నమో చూడదు, తప్పు రోమ్ మీద గూడ నోరు మూసుకోని రాసేస్తది. ఎక్స్‌డెల్టా అయితే ఫైల్ వేరేదైతే ఆగుతది. సైజు తగ్గనీకి తోక (చివరి ఖాళీ జాగ) కోసిన రోమ్ మీద వేసి, ఆగితే “ప్యాచ్ ఖరాబు” అంటరు. రోమ్‌లు అమ్ముడు వేరే తప్పు. పంచాల్సింది ప్యాచ్ ఒక్కటే, ఎవరి క్యాట్రిడ్జి వాళ్ళు తెచ్చుకోవాలె.

సరే, అక్షరాలు ఒక దిక్కు. ఆ విరిగిన ముక్కలనే కూడబలుక్కోని చదివితే అంతకంటె పెద్ద మంట. హీరో “నేను తప్పక వస్తాను” అంటడు. రాజు, రాణి, గురువు, అందరిది పుస్తకాల తెలుగు. తొవ్వల అడ్డం దిగి పైసలు గుంజే దొంగ మాత్రం “ఏం బే, యాడికి పోతున్నవ్, పైసల్ దియ్” అంటడు. కల్లు దుకాణపోనిది గూడ మన మాటే. అంటే ఊరును కాపాడేటోడు మన లెక్క మాట్లాడడు, దోచేటోడు మన లెక్కనే మాట్లాడతడు. సినిమాలల్ల ఏండ్లకేండ్లు రౌడీకి, జోకర్‌కు మన యాస పెట్టి నవ్విచ్చిన్రు. ఇప్పుడు పిల్లలు ఆడే ఆటలకు గూడ అదే ఎక్కిస్తున్నరు. ఆ పిలగాడు ఇంట్ల అమ్మతోటి మాట్లాడే మాట ఆటల దొంగ నోట్ల వింటే వాని మనసుల ఏం పడతదో ఆ రాసినాయన ఒక్క నిమిషం ఆలోచించిండా?

తెలంగాణల కవులే లేరన్న మాటకు 1934ల మన పాలమూరు బిడ్డ సురవరం ప్రతాపరెడ్డి 354 మంది కవులను అచ్చుల పెట్టి చూపిచ్చిండు. తొంభై ఏండ్లు దాటింది. ఇంకా మన మాటను దొంగ నోట్లనే పెడుతున్రు.

పైగ మన మాటే ఆ చిన్న డబ్బాకు బాగ సరిపోతది. డీఎస్ తెర వెడల్పు 256. అటిటు ఎనిమిది ఎనిమిది వదిలితే 240, అక్షరానికి 14 లెక్కన వరుసకు 17 పడతయి. “ఎక్కడికి వెళ్తున్నారు” రాస్తె ఎనిమిది అక్షరాలు, మూడు ఒత్తులు. “యాడికి పోతున్రు” రాస్తె ఆరు అక్షరాలు, ఒక్క ఒత్తు. ఎంత జాగ మిగులుతదో కండ్ల ముందే ఉంది! ఒక వరుస పోయిందని ఏడ్చేటోళ్ళకు ఆ వరుస మన మాట తోటే వాపస్ వస్తది. హీరోకు పెట్టున్రి ఈ మాట. రాణికి పెట్టున్రి. సేవ్ చేసే కాడ “దాసిపెట్టాల్నా?” అని రాయున్రి. “సేవ్ చేయదలచుకున్నారా” అని డబ్బా దాటేటంత పొడుగు రాసి, పట్టకపోతే సగం కోసేసి, ఆ సగం కోసిన దాన్ని తెలుగు అనకున్రి.

బ్యానర్ ఒక్కటి మాత్రం ఇంగ్లీషుల ఉంచాల్సిందే. మెనూల ఆట పేరు చూపేది మిషన్ సొంత ఫాంట్, దాంట్ల తెలుగు లేదు, దాన్ని మనం మార్చలేం. కాని పక్కన 32కు 32 ఐకాన్ ఉంటది, 16 రంగులు. దాని మీద ఒక పెద్ద “అ” గీసుకోవచ్చు. బ్యానర్‌కు వేరే చెక్‌సమ్ (సరిచూసే అంకె) ఉంటది, అది మల్ల లెక్కగట్టాలె.

దుకాణపాయన ఆ మూడొందలు పిలగానికి వాపస్ ఇయ్యాలె. ఇయ్యకున్నా, “తెలుగు గింతే వస్తది” అన్న మాటన్న వాపస్ తీసుకోవాలె.

తమ్మీ, ఇది నీ దాక వస్తె విను. కోపంల కార్డు ఫార్మాట్ చేపిచ్చకు. రోమ్ పక్కన అదే పేరు తోటి .సావ్ (.sav) అని ఇంకో ఫైల్ ఉంటది, నువ్వు ఆడిందంత దాంట్లనే ఉంది. ముందు దాన్ని కంప్యూటర్ల కాపీ చేసుకో. మంచి ప్యాచ్ దొరికినంక, దాన్ని వేసిన రోమ్‌కు గూడ అదే పేరు పెట్టు. ఒక్క అక్షరం తేడా వచ్చినా ఆట నీ సేవ్‌ను ఎతుక్కోదు, కొత్తగ మొదలు పెడతది.