నాన్న బతికున్నారని చెప్పడానికి ట్యాబ్‌లో జాగా లేదట

ముందే చెప్పేస్తున్నా, ఇది కోపంలో రాస్తున్న పోస్ట్. సగం కోపం ట్యాబ్ మీద, పావు వంతు మా ఇంటి పిల్లల మీద. మిగతా పావు ఎవరి మీదో చదువుతుంటే మీకే తెలుస్తుంది.

నాన్నది రైల్వే పెన్షన్. ఏటా నవంబరు వచ్చిందంటే లైఫ్ సర్టిఫికెట్ ఇవ్వాలి. ఫలానా ఆయన ఇంకా ఉన్నారు, పెన్షన్ ఆపకండి అని చెప్పే కాగితం. ఒకప్పుడు బ్యాంకుకి వెళ్లి లైన్లో నిలబడి సంతకం పెట్టి వచ్చేవారు. 2014లో జీవన్ ప్రమాణ్ అని ఆన్‌లైన్ లైఫ్ సర్టిఫికెట్ వచ్చింది, వేలిముద్ర వేస్తే చాలన్నారు. ముప్పై ఏళ్లకు పైగా లోకో షెడ్‌లో స్పానర్లు పట్టిన వేళ్లు అవి. గీతలన్నీ అరిగిపోయాయి, ఏ మెషీనూ గుర్తు పట్టదు. 2021 నుంచి ముఖం చూపించినా సరిపోతుంది, అదీ ఇంట్లో కూర్చుని. మోకాళ్ల నొప్పులున్న మనిషికి ఇంతకన్నా మేలు ఇంకేం కావాలి.

ఈసారి ట్యాబ్‌లో చేద్దాం, స్క్రీన్ పెద్దది, నాన్నకి బాగా కనిపిస్తుంది అనుకున్నాం. ఆదివారం పొద్దున్నే కాఫీలయ్యాక నాన్న తలకి నూనె రాసుకుని, పాపిడి తీసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని, పీపీవో (పెన్షన్ మంజూరు చేసిన ఆర్డరు) కాగితం, ఆధార్ కార్డు పట్టుకుని వచ్చి కుర్చీలో నిటారుగా కూర్చున్నారు. ఫొటో కదా మరి. రెండు యాప్‌లు కావాలి. ఒకటి జీవన్ ప్రమాణ్, రెండోది ముఖం గుర్తు పట్టే ఆధార్ ఫేస్ ఆర్‌డీ. మొదటిది దిగింది. రెండోదానికి వచ్చేసరికి జాగా చాలదు, కొన్ని యాప్‌లు తీసెయ్యండి అని ఇంగ్లీషులో ఒక డబ్బా ప్రత్యక్షమైంది.

"ఏటంటుందిరా?" అన్నారు నాన్న.

"జాగా లేదంట నాన్నా."

"నేను బతికున్నానని చెప్పుకోడానికి జాగా లేదా? మరి అందులో ఏటున్నాయి?"

ఏమున్నాయో చూద్దామని సెట్టింగ్స్‌లోకి వెళ్లి స్టోరేజ్ తెరిచా. 64 జీబీ ట్యాబ్. ఖాళీ 190 ఎంబీ. ఆ ఫేస్ యాప్‌కి కనీసం 500 ఎంబీ ఖాళీ ఉండాలి. ఇక ఆటలు, ఒక్క ఆటలే, 23 జీబీ! కార్ల రేసు, ఘాట్ రోడ్డు మీద బస్సు నడిపేది, తుపాకులు పేల్చేవి మూడు, పిల్లికి స్నానం చేయించేది, పళ్లడాక్టరు ఆట, కత్తితో సబ్బు ముక్కలు కోసే ఆట. చివరిది ఎందుకో నాకు ఇప్పటికీ అర్థం కాలేదు. సబ్బు కొయ్యడంలో గెలవడం ఏమిటి, ఓడడం ఏమిటి?

ఇవన్నీ ఎప్పుడు చేరాయో వెంటనే లెక్క తెలిసిపోయింది. మాది విజయనగరం. దసరా వెళ్లాక వచ్చే మంగళవారం పైడితల్లమ్మ జాతర, పూజారి పొడవాటి మాను చివర కూర్చుని ఊరేగే సిరిమాను. ముందు రోజు తొలేళ్లకే ఇల్లు నిండిపోతుంది. ఈసారి పద్నాలుగు మందిమి. మూడు లాంతర్ల దగ్గర అమ్మవారి గుడి నుంచి కోట దాకా సిరిమాను మూడుసార్లు తిరుగుతుంది, ఆ తోపులాటలోకి చిన్నపిల్లల్ని తీసుకెళ్లడం ఎవరివల్లా కాదు. అందుకని చెల్లి కూతుర్నీ, తమ్ముడి కొడుకులిద్దర్నీ అమ్మ దగ్గర వదిలి, వాళ్ల చేతిలో ట్యాబ్ పెట్టి, మేమంతా హాయిగా వెళ్లిపోయాం. తిరిగొచ్చేసరికి ఐదు గంటలు పట్టింది. ఆ ఐదు గంటల్లో ట్యాబ్ లోపల ఇంకో జాతర జరిగిపోయింది.

అయితే పిల్లల్ని పూర్తిగా తిట్టలేను. ఎలా జరుగుతుందో తర్వాత కూర్చుని చూశా. పాపకి ఆరేళ్లు. పిల్లికి స్నానం చేయిస్తుంటుంది. సరిగ్గా పిల్లి ఒంటి మీద సబ్బు నురగ ఉన్నప్పుడు ఆట ఆగిపోయి ఇంకో ఆట ప్రకటన వస్తుంది. దాన్ని మూసే గుర్తు ఆవగింజంత, అదీ పది సెకన్ల తర్వాత గానీ రాదు. పాప వేలు దాని మీద పడదు, పక్కన పడుతుంది. ప్లేస్టోర్ తెరుచుకుంటుంది, ఇన్‌స్టాల్ అని పెద్ద బటన్ ఎదురుగా నిలబడుతుంది. ఇంట్లో వైఫై ఉంది, ఆట ఉచితం, అడ్డు చెప్పేవాళ్లు లేరు. ఒక ఆట పెడితే అది నాలుగు పిల్లల్ని పెట్టింది.

పైగా ఆ సైజుల మోసం ఒకటి. స్టోర్‌లో 150 ఎంబీ అని రాసి ఉంటుంది. తెరిచాక "అదనపు ఫైళ్లు" అంటూ రెండు జీబీ దింపుకుంటుంది. ఒక్కణ్ణే వస్తున్నా అని ఫోన్ చేసిన చుట్టం, ఆటో దిగేసరికి అత్తనీ, బావమరిదినీ, రెండు ట్రంకుపెట్టెల్నీ వెంటేసుకుని దిగినట్టు.

ఇంకో సంగతి. ఈ ఆటల్లో ఐదింటిని వేసింది పిల్లలు కాదు. ట్యాబ్ కొన్నప్పుడే లోపల ఉన్నాయి. డబ్బు పెట్టి కొన్నది నాన్న, ఆడుకోమని ఆటలు పెట్టి పంపింది తయారుచేసినవాళ్లు. నాన్నని ఎవరైనా అడిగారా? ఐదింట్లో మూడు తీసెయ్యగలిగా. మిగతా రెండింటికి అన్‌ఇన్‌స్టాల్ బటనే లేదు, డిసేబుల్ అని మాత్రమే ఉంది. డిసేబుల్ చేస్తే అవి కనిపించవు, నడవవు, కానీ అసలు ఫైలు సిస్టమ్ భాగంలో ఉంటుంది కాబట్టి ఆ జాగా మనకి రాదు. తర్వాత వచ్చిన అప్‌డేట్లు ఆక్రమించింది మాత్రమే వెనక్కి వస్తుంది. 200 గజాల స్థలం అని రిజిస్ట్రేషన్ చేయించుకుని, రోడ్డుకీ కాలవకీ పోగా కొలిస్తే 140 తేలుతుంది చూడండి, ఈ 64 జీబీ కూడా అంతే.

వ్యాపారాల్లో పోటీ సవ్యంగా ఉందా అని చూసే కాంపిటీషన్ కమిషన్ 2022 అక్టోబరులో గూగుల్‌కి 1,337.76 కోట్ల జరిమానా వేసినప్పుడు, ముందే వేసి ఇచ్చే తన యాప్‌లను వాడేవాళ్లు తీసేసుకుంటామంటే అడ్డుపడకూడదని కూడా చెప్పింది. 2023 మార్చిలో అప్పీలు ట్రిబ్యునల్ జరిమానా ఉంచి, ఆ ఆదేశాన్ని కొట్టేసింది. మా ట్యాబ్‌లో ఆటలు గూగుల్‌వి కూడా కావు, వాటి గోడు ఇంకెవరికి చెప్పుకోవాలి? మన రాష్ట్రంలో 2020లోనే ఆన్‌లైన్ రమ్మీ, పోకర్ నిషేధించారు. డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలన్నిటినీ ఆపుతూ 2025 ఆగస్టులో కేంద్రం చట్టం తెచ్చింది. మంచిదే. కానీ జాగా తినే ఆటల మీద ఏ చట్టమూ రాదు. అవి ఉచితం కదా!

సరే, ఆదివారం సంగతికి వస్తా. ఇవన్నీ విని నాన్న నెమ్మదిగా ఒక మాట చెప్పారు. "అవన్నీ నేను పండగ మర్నాడే తీసేశాన్రా."

ఎలా తీశారు నాన్నా అంటే చేసి చూపించారు. ఆట బొమ్మ మీద వేలు నొక్కి పట్టుకున్నారు, మెల్లగా పైకి లాక్కెళ్లారు, రిమూవ్ అన్న చోట వదిలారు. బొమ్మ మాయమైంది. "చూశావా?" అన్నట్టు నా వైపు చూశారు. అది గుమ్మం మీద పేరు బోర్డు పీకెయ్యడం, అంతే. మనిషి లోపల మంచమేసుకుని పడుకునే ఉన్నాడు. స్క్రీన్‌ని కింద నుంచి పైకి జరిపి యాప్‌ల జాబితా తెరిచి చూపిస్తే, ఆయన తీసేశాననుకున్నవన్నీ వరసగా కూర్చుని ఉన్నాయి. నాన్న ఏమీ అనలేదు. కళ్లజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నారు.

ఈలోపు బావగారు ఫోన్లో "క్యాష్ క్లియర్ కొట్టు బావా, ఐదు నిమిషాల పని" అన్నారు. కొట్టా. ఒక 400 ఎంబీ వచ్చింది. సంతోషించి టీ తాగి వచ్చేసరికి, ఆ ఖాళీలో ప్లేస్టోర్ కార్ల రేసుకి అప్‌డేట్ దింపేసింది! ఎవరూ ఆడని ఆటకి, ఎవరూ అడగని అప్‌డేట్. క్యాష్ అనేది ఆట పనిచేస్తున్నప్పుడు పోగేసుకునే తాత్కాలిక చెత్త. ఊడ్చినా మళ్లీ పేరుకుంటుంది, అసలు ఆట అలాగే ఉంటుంది. ఇంకొకాయన క్లీనర్ యాప్ వేసుకోమన్నాడు. జాగా లేదయ్యా అంటే, జాగా చేసిపెట్టడానికి ఇంకో యాప్ వెయ్యమంటాడేమిటి? గంటస్తంభం వైపు ఒక మొబైల్ షాపులో కుర్రాడైతే ట్యాబ్ చేతిలోకి కూడా తీసుకోకుండా "రీసెట్ కొట్టేద్దాం సార్, మూడొందలు" అన్నాడు. రీసెట్ కొడితే పోయిన ఏడాది కన్నుమూసిన పెద్దమ్మ ఫొటోలు పోతాయి, కంపెనీ వాడు పెట్టిన ఆ ఐదు ఆటలు మాత్రం తిరిగొస్తాయి. దండం పెట్టి వచ్చేశా.

చివరికి చేసింది చాలా చిన్న పని. మీలో ఎవరికైనా పనికొస్తుందని చెప్తున్నా. ప్లేస్టోర్ తెరిచి, పైన మూల గుండ్రటి బొమ్మ నొక్కితే మేనేజ్ యాప్స్ అండ్ డివైస్ అని ఉంటుంది. అందులో మేనేజ్‌లోకి వెళ్తే యాప్‌లన్నీ జాబితాగా వస్తాయి. సైజు ప్రకారం అమర్చమంటే అన్నిటికన్నా లావుపాటిది పైకొస్తుంది. పక్కనున్న గడుల్లో టిక్కులు పెట్టుకుంటూ పోయి, పైన చెత్తబుట్ట గుర్తు ఒక్కసారి నొక్కడమే. ఒక్కో ఆట దగ్గరికీ వెళ్లి బతిమాలక్కర్లేదు. ఆట పోతే దాని కోసం దింపుకున్న ఫైళ్లు కూడా పోతాయి. 31 ఆటలకి టిక్కు పెట్టా. నొక్కా. ఒకదాని వెనక ఒకటి రాలిపోతుంటే, మేడ మీద ట్యాంకు కడిగి బురద నీళ్లు వదిలినప్పటి హాయి! ఇరవై జీబీకి పైగా ఖాళీ అయింది.

తియ్యాలా వద్దా అని ఊగిసలాటగా ఉన్నవాటికి ఆర్కైవ్ అని ఒకటి ఉంది, 2023లో వచ్చింది. యాప్‌లో చాలా భాగం పోతుంది, మన డేటా, బొమ్మ మిగులుతాయి, కావాలంటే మళ్లీ నొక్కితే దిగుతుంది. అది ఉందని నాకు తెలుసు. తెలిసి కూడా వాడలేదు, అదీ చెప్తా.

వాట్సాప్ గుడ్ మార్నింగ్ గులాబీల గురించి మాట్లాడను, అది వేరే పోస్ట్ అవుతుంది.

ఫేస్ యాప్ దిగింది. నాన్నని కిటికీ ఎదురుగా కూర్చోబెట్టా. కళ్లు ఆర్పమని అడుగుతుంది అది. బతికున్న మనిషా, ఫొటోనా అని చూసుకోవడానికి. నాన్న మొదటిసారి ఊపిరి బిగబట్టి, అసలు కళ్లే ఆర్పలేదు. రెండోసారి కళ్లు మూసి తెరవడం మర్చిపోయారు. మూడోసారి అమ్మ వంటింట్లోంచి ఏదో అడిగితే అటు తిరిగారు. నాలుగోసారి పని అయింది. ప్రమాణ్ ఐడీ, అంటే సర్టిఫికెట్ నంబరు, మెసేజ్‌లో వచ్చింది. "అయితే ఉన్నానన్నమాట" అని నాన్న చొక్కా విప్పి హ్యాంగర్‌కి తగిలించారు.

నా పోస్ట్ ఇక్కడితో అయిపోవాల్సింది.

మధ్యాహ్నం భోజనాలయ్యాక నాన్న పడుకున్నారు. అమ్మ ట్యాబ్ తీసుకుంది. కాసేపు అటూ ఇటూ జరిపింది. కళ్లజోడు పెట్టుకుని మళ్లీ జరిపింది.

"నాదేదిరా?"

"నీదేటమ్మా?"

"పళ్లాట. మూడు పళ్లు కలిపితే పగిలిపోద్ది చూడు, అది."

నాకు కాళ్ల కింద నేల కదిలింది. ఆ 31లో అదీ ఉంది. బొమ్మ మీద నవ్వుతున్న స్ట్రాబెరీ చూసి పాపది అనుకున్నా. అరవై తొమ్మిదేళ్ల ఆవిడ రోజూ మధ్యాహ్నం నాన్న నిద్రపోయాక దాన్ని ఆడుతోందనీ, 612వ లెవెల్ దాకా వచ్చిందనీ ఈ ఇంట్లో నాకొక్కడికే తెలియదు. నాన్నకి తెలుసు, పిల్లలకీ తెలుసు. సిరిమాను రోజు సాయంత్రం 590 దగ్గర ఇరుక్కుపోతే తమ్ముడి పెద్దవాడే దాటించాడట.

వెంటనే మళ్లీ దింపి తెరిచా. ఒకటో లెవెల్. అకౌంట్‌తో కలిపి ఉంటే ఎక్కడ ఆపామో అక్కడి నుంచి వచ్చేది. అమ్మ ఏ అకౌంటూ లేకుండా గెస్ట్‌గా ఆడుతోంది, ఆట లెక్కంతా ట్యాబ్‌లోనే ఉంది, ఆటతో పాటే పోయింది. ఆర్కైవ్ కొట్టి ఉంటే మిగిలేది. అప్పుడు నాకు చెత్తబుట్ట నొక్కే ఊపు తప్ప ఇంకేం కనిపించలేదు.

అమ్మ అరవలేదు. "తీసేముందు నన్నొక ముక్క అడగాల్సింది కదరా" అంది, అంతే. పొద్దుట నుంచి ట్యాబ్ కంపెనీని నేను తిడుతున్నది సరిగ్గా ఆ మాటే. అడక్కుండా పెట్టారని వాళ్లని తిట్టా, అడక్కుండా తీసి నేను కూర్చున్నా.

ఇది జరిగి మూడు వారాలైంది. అమ్మ మొదటి నుంచి మొదలుపెట్టి 140 దాకా వచ్చింది. ఆటని అకౌంట్‌కి కలిపి ఇచ్చా, దానికి మాత్రం పిలిచింది. సంక్రాంతికి పిల్లలు వస్తున్నారు కదా అని ట్యాబ్‌కి పాస్‌వర్డ్ మార్చింది. నాన్నకి చెప్పిందట. నాకు చెప్పలేదు.