దేవుడి ఇంటికే దిక్కు లేకపోతే

దిక్కులేనివాళ్లకు దేవుడే దిక్కు అంటాం. మరి ఆ దేవుడి ఇంటికే దిక్కు లేకుండా పోతే? ఈ ప్రశ్నకు జవాబుగా 1957 జూలై 3న లండన్‌లోని పార్లమెంటు భవనంలో కొంతమంది కూర్చుని ఒక సంఘం పెట్టారు. పేరు ఫ్రెండ్స్ ఆఫ్ ఫ్రెండ్‌లెస్ చర్చెస్. మన మాటల్లో చెప్పుకుంటే దిక్కులేని చర్చిల నేస్తాలు. కవులు టి.ఎస్. ఎలియట్, జాన్ బెట్జమన్, చిత్రకారుడు జాన్ పైపర్, లేబర్ ఎంపీ రాయ్ జెంకిన్స్ మొదట్లోనే అందులో చేరారు. వాళ్లందరినీ కూడగట్టిన ఐవర్ బల్మర్-థామస్ పేరు మాత్రం మన దగ్గర విన్నవాళ్లు తక్కువ.

ఆయన 1905లో వేల్స్‌లోని కూమ్‌బ్రాన్‌లో పుట్టారు. ఆక్స్‌ఫర్డ్‌లో గణితం, ప్రాచీన గ్రీకు, లాటిన్ చదివారు. ప్రాచీన గ్రీకు గణిత గ్రంథాలను రెండు సంపుటాలుగా ఇంగ్లిష్‌లోకి తెచ్చారు. చదువుకునే రోజుల్లో యూనివర్సిటీ తరఫున క్రాస్ కంట్రీ పరుగులో పోటీపడ్డారు. తర్వాత జర్నలిస్టు అయ్యారు. 1942లో ఇంగ్లండ్‌లోని కీత్లీ నుంచి లేబర్ ఎంపీగా గెలిచి, ప్రధాని అట్లీ ప్రభుత్వంలో జూనియర్ మంత్రిగా పనిచేశారు. 1948లో ఉక్కు పరిశ్రమను జాతీయం చేయడం నచ్చక పార్టీని వదిలేశారు. కన్సర్వేటివ్‌లలో చేరి 1950లో పోటీచేసి ఓడిపోయారు. రాజకీయ జీవితం అక్కడితో అయిపోయింది. అప్పటికి ఆయన వయసు 44.

పంతం పట్టిన మనిషి అని ఆయన గురించి చాలామంది అనేవాళ్లు. నిజమే. అయితే ఆ పంతమే లేకపోతే ఇవాళ ఇంగ్లండ్, వేల్స్ పల్లెల్లో వందల ఏళ్లనాటి గోడలు చాలా వరకు నేలమట్టమై ఉండేవి.

అక్కడి పల్లెల్లో చర్చిలు ఖాళీ కావడం ఒక్క రోజులో జరిగింది కాదు. జనం పట్నాలకు పోయారు. కొన్ని ఊళ్లు చర్చిని ఒంటరిగా వదిలి మరోచోటికి జరిగాయి. ప్రార్థనకు వచ్చేవాళ్లు తగ్గారు, యుద్ధకాలంలో మరమ్మతులు ఆగిపోయాయి. 1950లలో పాత చర్చిలకు సాయం చేయడానికి హిస్టారిక్ చర్చెస్ ప్రిజర్వేషన్ ట్రస్ట్ ఏర్పడితే, మొదట్లో దాని కార్యవర్గాన్ని నడిపింది బల్మర్-థామసే. తేడా ఎక్కడ వచ్చిందంటే, జనం వచ్చే చర్చికి డబ్బిద్దాం, ఎవరూ రాని చర్చికి ఎందుకు అన్న దగ్గర. ఆయన ఒప్పుకోలేదు. బయటికొచ్చి వేరే సంఘం పెట్టారు.

అవతలి వాదాన్ని తీసిపారేయలేం. చర్చి అంటే మనుషులే గానీ రాళ్లు కాదని పాస్టర్లు అంటే అందులో తప్పేముంది? పదిమంది కూడా రాని కట్టడం పైకప్పుకు వేల పౌండ్లు పోసే బదులు, కొత్త కాలనీలో ఓ గది కట్టుకుందాం అనడం లెక్కప్రకారం సబబే. దీనికి ఆయన సంఘం ఇచ్చిన జవాబు నన్ను ఇప్పటికీ ఆలోచనలో పడేస్తుంది. అందమైన పాత చర్చి ఊరికే నిలబడి ఉన్నా చాలు, దాని పని అది చేస్తున్నట్టే. లోపల ఎవరు కూర్చున్నారన్న దానితో సంబంధం లేకుండా, ఆ కట్టడమే ఒక ఆరాధన అన్నారు. నాకిది కేవలం భక్తి మాటలా అనిపించదు. ఆ రాళ్లు చెక్కినవాళ్లు, నేల కింద పడుకున్నవాళ్లు, బాప్తిస్మం తొట్టి దగ్గరికి బిడ్డల్ని ఎత్తుకొచ్చినవాళ్లు కూడా ఆ చర్చి సంఘంలో సభ్యులే అని దాని అర్థం. హాజరు లెక్క తీసేటప్పుడు వాళ్లనూ కలుపుకోవాలి కదా.

ఉత్తర ఇంగ్లండ్‌లో డాంకాస్టర్ పట్టణం దగ్గర, బొగ్గు గనుల ప్రాంతంలో ఓల్డ్ ఎడ్లింగ్టన్ అనే ఊరుంది. అక్కడి సెయింట్ పీటర్స్ చర్చి 12వ శతాబ్దపుది. ఆకతాయిల చేతుల్లో ధ్వంసమై, కూలిపోయే స్థితికి చేరింది. నేస్తాల సంఘం దాన్ని పట్టుకుని నిలబెట్టింది. ఈలోగా బల్మర్-థామస్ ఇంగ్లండ్ చర్చి సొంత చట్టసభలో సభ్యుడిగా ఏళ్ల తరబడి వాదిస్తూనే ఉన్నారు. చివరికి 1968లో వచ్చిన పాస్టరల్ మెజర్ అనే చర్చి చట్టంతో, వాడకంలో లేని మంచి చర్చిలను నిలబెట్టడానికి రిడండెంట్ చర్చెస్ ఫండ్ పెట్టారు. మొదటి ఐదేళ్లకు అనుకున్న మొత్తం 5 లక్షల పౌండ్లు. అందులో ప్రభుత్వం 2 లక్షలు, చర్చి 2 లక్షలు, మిగతాది అమ్మేసిన స్థలాల నుంచి. 1969లో దానికి తొలి చైర్మన్ బల్మర్-థామస్. 1971లో ఆ ఫండ్ చేతికి వచ్చిన మొట్టమొదటి చర్చి ఎడ్లింగ్టన్‌దే. ఇప్పుడు చర్చెస్ కన్సర్వేషన్ ట్రస్ట్ పేరుతో నడుస్తున్న ఆ సంస్థ 350కి పైగా చర్చిలను చూసుకుంటోంది.

అయినా ఆయన చేసిన పనుల్లో అన్నిటికంటే పెద్దది 1972 తర్వాత జరిగిందని నా అభిప్రాయం. అప్పటిదాకా నేస్తాల సంఘం డబ్బు సాయం చేసేది, ఉత్తరాలు రాసేది, కూల్చివేతల్ని అడ్డుకునేది. అప్పటి నుంచి చర్చిలను తన పేరు మీదే తీసుకోవడం మొదలుపెట్టింది. సాయం చేసేవాడికి, సొంతదారుడికి చాలా తేడా ఉంది. సాయం చేసేవాడు చెక్కు రాసి ఇంటికి పోతాడు. సొంతదారుడికి వాన పడిన ప్రతి రాత్రీ టెన్షనే. కెంట్‌లోని ఈస్ట్‌వెల్ చర్చినే తీసుకోండి. 1951లో పైకప్పు కూలిపోయింది. మిగిలింది గోపురం, కొన్ని మొండి గోడలు. అందులో ఏం ఉందని ఎవరైనా అడుగుతారు. 1980లో సంఘం దాన్ని కూడా తీసుకుంది.

ఇక మన దగ్గర పరిస్థితి వేరు. ఇక్కడ చర్చిలు ఖాళీగా లేవు, ఆదివారం నిలబడటానికి చోటుండదు. కరువు రోజుల్లో పనికి తిండి పెట్టి కట్టించి, 1924 క్రిస్మస్ నాడు ప్రారంభించిన మెదక్ చర్చి 2024లో వందేళ్లు పూర్తి చేసుకుంది. దాన్ని చూడటానికి ఊళ్లకు ఊళ్లే కదిలొస్తాయి. ప్రమాదమంతా చిన్న ఊళ్లలోని పాత మిషన్ చర్చిలకే. వాటిని కూలగొట్టేది నిర్లక్ష్యం కాదు, ప్రేమ. చోటు చాలడం లేదు, స్లాబు వేద్దాం, టైల్స్ వేద్దాం అని విశ్వాసులే చందాలు పోగుచేసుకుంటారు.

మా అమ్మమ్మగారి ఊళ్లో అలాగే జరిగింది. డంగు సున్నంతో కట్టిన గోడలు. ఎండాకాలంలో చెయ్యి ఆనిస్తే చల్లగా తగిలేవి. సున్నపు గోడ తేమను పీలుస్తుంది, మళ్లీ బయటికి వదులుతుంది. ఆ సంగతి ఎవరికీ పట్టలేదు. గట్టిగా ఉంటుందని పైన సిమెంటు పూశారు. తేమ లోపలే ఉండిపోయింది. మూడు వర్షాకాలాలు తిరిగేసరికి పెచ్చులు పెచ్చులుగా ఊడి బల్లల మీద పడింది. గోడ పాతబడిపోయింది, ఇక లాభం లేదన్నారు. నిజానికి పాడైంది పాత గోడ వల్ల కాదు, కొత్త పూత వల్ల. సున్నం పని తెలిసిన మేస్త్రిని ఒక్కసారి పిలిపించి ఉంటే సరిపోయేది. ఆ మాట అనడానికి అప్పట్లో నాకూ తెలివి లేదు, ఆ బాధ ఇంకా ఉంది.

కొత్త చర్చి బాగుంది, వెలుతురు ఉంది, ఫ్యాన్లున్నాయి. కానీ విస్తరించడానికి పక్కన బోలెడు ఖాళీ జాగా ఉండగా పాతదాన్నే ఎందుకు తీసేయాలి? అడిగేవాళ్లు లేకపోయారు. బల్మర్-థామస్ లాంటి మనిషి అవసరం అక్కడే. ఆయన పెద్ద ఇంజినీరేం కాదు. పొద్దున్నే ఉత్తరం రాసి, సాయంత్రం మీటింగులో లేచి నిలబడి, ఈ గోడకు ఎవరు జవాబుదారీ అని విసుగు లేకుండా అడిగిన మనిషి. అలా 1993లో చనిపోయేదాకా అడుగుతూనే ఉన్నారు.

ఆయన పోయిన ఆరేళ్లకు, ఆయన పుట్టిన వేల్స్‌లో వాడకంలో లేని చర్చిలను స్వీకరించే బాధ్యత అధికారికంగా నేస్తాల సంఘానికే దక్కింది. ఇప్పుడు దాని చేతిలో 60కి పైగా చర్చిలున్నాయి. అందులో ఒకటి కైర్నార్వన్ దగ్గర, సముద్రం ఒడ్డున పొలం మధ్యలో ఉన్న సెయింట్ బాగ్లన్. దాని తలుపు మీద అడ్డంగా పెట్టిన రాయి సుమారు 1,500 ఏళ్ల నాటిది. మీద లాటిన్ అక్షరాల్లో రెండు పేర్లు: అనాటెమోరస్, అతని తండ్రి లోవెర్నియస్. ఎవరో పాత రాయిని పారేయకుండా తలుపు మీదికి ఎత్తారు.

అమ్మమ్మగారి ఊరి పాత చర్చి పునాదిరాయి మొన్నటిదాకా బోరింగు పక్కన బట్టలు ఉతికే బండగా ఉండేది. పోయిన వేసవిలో సబ్బు మరకలు రుద్దితే తెలుగు అక్షరాలు బయటపడ్డాయి. దాన్ని కొత్త గుమ్మం పక్కన గోడలో పెట్టించమని సంఘ పెద్దలను అడిగాం. ఒప్పుకున్నారు. ఈసారి సున్నంతోనే పెట్టిస్తున్నాం.