వడ్డీ పెరిగితే వాగ్దానం చెల్లదా?

2050 దాకా సాగాల్సిన ప్రయాణం నాలుగున్నరేళ్లకే ముగిసింది. తాము అప్పులిచ్చే కంపెనీల కర్బన ఉద్గారాలను 2050 నాటికి నికరంగా సున్నాకు తెస్తామని మాటిచ్చి, 2021 ఏప్రిల్‌లో 43 బ్యాంకులు చేతులు కలిపి అట్టహాసంగా మొదలుపెట్టిన నెట్‌ జీరో బ్యాంకింగ్‌ అలయన్స్‌ 2025 అక్టోబరులో సొంత సభ్యుల ఓటుతోనే చాప చుట్టేసింది. అంతకుముందే, 2024 డిసెంబరులో గోల్డ్‌మన్‌ శాక్స్‌ గుమ్మం దాటింది. ఆ వెనకే అమెరికా పెద్ద బ్యాంకులన్నీ వరస కట్టాయి. మరుసటి వేసవిలో హెచ్‌ఎస్‌బీసీ, బార్‌క్లేస్‌, యూబీఎస్‌ల వంతు వచ్చింది. ఫండ్ల నిర్వహణ సంస్థల కూటమిది ఇంకా పొట్టి కథ. 2025 జనవరిలో బ్లాక్‌రాక్‌ తప్పుకుంది. రోజులు తిరక్కుండానే కూటమి తన పని ఆపేసింది.

ఎవరు ఏ కూటమిలో ఉన్నారు, ఎవరు బయటికొచ్చారు అన్నది మా బాధ కాదు. కూటములు పుడుతుంటాయి, పోతుంటాయి. ‘దీర్ఘకాలం’ అన్న మాటను నమ్మి నెలనెలా జీతంలో కొంత కోసి పింఛను నిధిలో వేస్తున్న మనిషికి ఇప్పుడు ఎవరు జవాబు చెబుతారన్నదే మా ప్రశ్న. దాదాపు ముప్ఫై ఏళ్లకు ఇచ్చిన మాటను అయిదేళ్లు కూడా నిలపలేనివాళ్లు, ఆ మనిషి నలభై ఏళ్ల పొదుపును మాత్రం నమ్మకంగా కాపాడతారని ఏ ధైర్యంతో అనుకోవాలి?

అమెరికాలో రాజకీయ ఒత్తిళ్లున్నాయి, గుత్తాధిపత్య నిరోధక చట్టం కింద కేసులున్నాయి, ఖాతాదారుకు లాభం చూపించాల్సిన చట్టబద్ధ బాధ్యత ఉంది. ఇవన్నీ నిజమే, కాదనం. కానీ కేసులు పడింది తరవాత. మాట తప్పింది అంతకన్నా ముందు. తేదీలు చూస్తే ఎవరికైనా తెలుస్తుంది.

సొమ్ము చవకగా దొరికిన రోజులు గుర్తు చేసుకోండి. 2020 జనవరిలో బ్లాక్‌రాక్‌ అధినేత లారీ ఫింక్‌ కంపెనీల అధిపతులకు రాసిన లేఖలో వాతావరణ ముప్పంటే మదుపుకు ముప్పేనన్నారు. 2021 నవంబరులో గ్లాస్గో వాతావరణ సదస్సు వేదికగా బ్రిటన్‌ కేంద్ర బ్యాంకు మాజీ గవర్నర్‌ మార్క్‌ కార్నీ 450 ఆర్థిక సంస్థలను, 130 లక్షల కోట్ల డాలర్ల ఆస్తులను ఒకే గొడుగు కింద చూపించారు. అప్పటికి అమెరికాలో కీలక వడ్డీ రేటు సున్నా దగ్గరే ఉంది. ఎవరికీ చేతి చమురు వదిలేది కాదు. నీతి మాట్లాడటం ఎంత తేలికో!

ఆ తరవాత ధరలు లేచాయి. 2022 జూన్‌లో అమెరికా ద్రవ్యోల్బణం 9.1 శాతానికి, అక్టోబరులో యూరో దేశాల్లో 10.6 శాతానికి, బ్రిటన్‌లో 11.1 శాతానికి చేరింది. 2022 మార్చి దాకా సున్నా వద్ద ఉన్న ఫెడరల్‌ రిజర్వు రేటు 2023 జులైకల్లా 5.25 - 5.5 శాతానికి ఎగబాకింది. అమెరికా చమురు సంస్థ ఎక్సాన్‌ మొబిల్‌ 2022లో దాదాపు 5,600 కోట్ల డాలర్ల లాభం గడించింది. ఎస్‌అండ్‌పీ 500 సూచీ ఆ ఏడాది 19 శాతం పడిపోతే అందులోని ఇంధన కంపెనీల షేర్లు 60 శాతం దాకా పెరిగాయి. ఇక చూడండి! 2023 ఫిబ్రవరిలో బ్రిటన్‌ చమురు సంస్థ బీపీ తన ఉద్గారాల కోత లక్ష్యాన్ని తగ్గించుకుంది. జూన్‌లో అదే ఫింక్‌ ఈఎస్‌జీ (కంపెనీలను పర్యావరణం, సమాజం, పాలన కొలబద్దలతో తూచడం) అన్న పదమే ఇక వాడనన్నారు, దాన్ని రాజకీయం చేసేశారని కారణం చెప్పారు. 2025 ఫిబ్రవరికి బీపీ ఏటా వెయ్యి కోట్ల డాలర్లను తిరిగి చమురు, గ్యాస్‌లోకే మళ్లిస్తానని ప్రకటించింది. ఏరు దాటాక తెప్ప తగలేసేవాళ్లను చూశాం. వీళ్లు ఏరు మధ్యలోనే తగలేశారు.

వడ్డీ రేటు పెరిగితే భవిష్యత్తు విలువ తగ్గుతుంది కదా, ఇది లెక్క తప్ప ద్రోహం కాదు అని లెక్కలు తెలిసినవాళ్లు సమర్థించుకుంటున్నారు. సరే, ఆ లెక్కే చూద్దాం. ముప్ఫై ఏళ్ల తరవాత చేతికొచ్చే 100ను 3 శాతం డిస్కౌంట్‌ రేటుతో నేటి విలువలోకి మారిస్తే 41. అదే 8 శాతంతో అయితే 10 కూడా రాదు. రేటు గడిలో ఒక్క అంకె మార్చగానే ముప్ఫై ఏళ్ల తరవాతి లోకం నాలుగో వంతుకు కుంచించుకుపోతుంది. దూరాన ఉన్న అడవి, దూరాన ఉన్న వరద, దూరాన ఉన్న పింఛను అన్నీ కంప్యూటరు తెర మీద ఒక్క మీట నొక్కుకు చిక్కిపోతాయి. అందుకే దూరపు రాబడి మీద నడిచే కంపెనీల షేర్లను అమ్మేశాం అంటున్నారు.

కానీ లెక్కలో సగమే చేసి చేతులు దులుపుకొన్నారు. రేటు 3 నుంచి 8కి పెరిగింది ధరలు ఏటా 5 శాతం చొప్పున పెరుగుతాయన్న అంచనా వల్లనే అయితే, కంపెనీ అమ్మే సరుకు ధర కూడా పెరగాలి కదా! నేటి ధరల్లో 100గా ఉన్న ఆ రాబడి ముప్ఫై ఏళ్లకు 432 అవుతుంది. దాన్ని 8 శాతంతో తగ్గిస్తే 43 వస్తుంది. అంటే మొదట ఉన్న విలువే ఇంచుమించు. ద్రవ్యోల్బణాన్ని హారంలో చేర్చి లవంలో చేర్చకపోతే ఏ మంచి కంపెనీ అయినా చచ్చినట్టే కనిపిస్తుంది. ఇదేమీ కొత్తగా కనిపెట్టింది కాదు. ఆర్థికవేత్తలు ఫ్రాంకో మొదిగ్లియానీ, రిచర్డ్‌ కోన్‌ 1979లోనే చెప్పారు. ధరలు పెరిగే కాలంలో మదుపరులు ద్రవ్యోల్బణం తీసేసిన లాభాలను ద్రవ్యోల్బణం కలిసిన వడ్డీ రేటుతో తూచి షేర్లకు తక్కువ విలువ కడుతున్నారన్నదే వాళ్ల వాదన. నలభై ఏళ్లు దాటినా అదే తప్పు, అదే గడిలో. ఈసారి దానికి వివేకం అని పేరు పెట్టుకున్నారు.

ద్రవ్యోల్బణం మదుపరిని ఏమీ చేయదని మేమనడం లేదు. చేస్తుంది, నిలువునా దోస్తుంది. 1966 ఫిబ్రవరిలో డౌ జోన్స్‌ సూచీ 995 దగ్గర ఉంది. 1982 ఆగస్టులో 777 దగ్గర ఉంది. ఆ పదహారేళ్లలో ధరలు ఇంచుమించు మూడింతలయ్యాయి. ఓపిగ్గా కూర్చున్నవాడికి డివిడెండ్లు తప్ప మిగిలిందేమీ లేదు, మూలధనమైతే కరిగిపోయింది కూడా. దీర్ఘకాలం ఉంటే చాలు అన్నీ సర్దుకుంటాయన్న మాట పచ్చి అబద్ధమని చెప్పడానికి ఆ పదహారేళ్లే సాక్ష్యం. ఏ కంపెనీలో ఉన్నామన్నదే అసలు ప్రశ్న.

ఒక యంత్రాన్ని దగ్గరగా చూస్తే ఇది ఇట్టే తెలుస్తుంది. కొన్నది 100కు. ఆయుష్షు పదేళ్లు. పుస్తకాల్లో ఏటా 10 తరుగుదల రాసుకుంటూ పోతే పదో ఏడాదికి పెట్టుబడి పూర్తిగా వసూలైనట్టే లెక్క. కానీ ధరలు ఏటా 6 శాతం పెరిగితే అదే యంత్రం అప్పటికి 179 అవుతుంది. తక్కువపడిన 79 ఎక్కడికి పోయింది? లాభమని పేరు పెట్టి దాని మీద పన్ను కట్టారు, డివిడెండుగా పంచారు, అధికారులకు బోనస్‌గా ఇచ్చారు. అది లాభం కాదు, మూలధనాన్నే కోసుకు తినడం. యంత్రాలు ఎక్కువ కావాల్సిన కంపెనీకి ఈ దెబ్బ ఎక్కువ. తక్కువ పెట్టుబడితో నడుస్తూ, ధర పెంచినా కొనేవాడు దూరం కాని కంపెనీకి తక్కువ. అమెరికా మదుపు సంస్థ బర్క్‌షైర్‌ హాథవే 1972లో సీస్‌ క్యాండీస్‌ అనే మిఠాయి కంపెనీని రెండున్నర కోట్ల డాలర్లకు కొంది. ఆ తరవాత 2007 దాకా అందులో మళ్లీ పెట్టాల్సి వచ్చింది 3.2 కోట్లు మాత్రమే. పన్నుకు ముందు అది తెచ్చిపెట్టిన లాభం 135 కోట్లు. మధ్యలో 1980 మార్చినాటి 14.8 శాతం ద్రవ్యోల్బణం కూడా దాటిపోయింది.

ఇప్పుడు ఈ యంత్రం లెక్కను కాస్త పక్కకు జరిపి చూడండి. తీగలు, స్తంభాలు పాతబడుతున్నా పట్టించుకోని విద్యుత్తు కంపెనీ కూడా ఏటా లాభమే చూపించింది. కాలిఫోర్నియాలోని పీజీఅండ్‌ఈ 2017, 2018 కార్చిచ్చుల బాధ్యత కింద దాదాపు 3,000 కోట్ల డాలర్ల భారం మీద పడే సరికి 2019 జనవరిలో దివాలా రక్షణ కోరింది. అక్కడా జరిగింది అదే. రేపు కట్టాల్సిన ఖర్చును ఇవాళ లెక్కలో రాయకపోవడం వల్ల లాభం లాభంలా కనిపించింది. ఫోక్స్‌వాగన్‌ సంగతీ అంతే. డీజిల్‌ కార్ల ఉద్గారాల పరీక్షల్లో చేసిన మోసానికి చివరకు చెల్లించింది 3,000 కోట్ల యూరోలకు పైనే. (2015 సెప్టెంబరులో ఆ మోసం బయటపడటానికి కొద్ది రోజుల ముందే పర్యావరణ, సామాజిక బాధ్యత చూసి కంపెనీలకు మార్కులు వేసే ఒక ప్రసిద్ధ సుస్థిరత సూచీ వాహన రంగంలో ఆ సంస్థనే అగ్రగామిగా నిలబెట్టింది. ఆ మార్కులు వేసినవారి పరువు సంగతి వాళ్లకే తెలియాలి.)

కాబట్టి సుస్థిరత ఒక లెక్క, ద్రవ్యోల్బణం ఇంకో లెక్క అని విడదీయడమే మొదటి తప్పు. రెండూ అడిగేది ఒకటే: మూలధనం చెడకుండా ఉంచుకోవడానికి కావాల్సింది తీసేశాక ఈ కంపెనీకి నిజంగా మిగిలిందెంత? ధరలు పెరిగే కాలంలో ఆ ప్రశ్న మరింత గట్టిగా అడగాలి. వీళ్లు సరిగ్గా అప్పుడే అడగడం మానేశారు. మా కోపం దీని మీదే.

ఒక మాట ఒప్పుకోవాలి. గాలిమరల కంపెనీలు నిజంగానే దెబ్బతిన్నాయి. వాటి ఖర్చంతా ముందే పెట్టాలి, రాబడి ఇరవై పాతికేళ్ల పాటు మెల్లగా వస్తుంది. అందుకే వడ్డీ పెరిగితే మొదట వణికేవి అవే. డెన్మార్క్‌ సంస్థ ఓర్‌స్టెడ్‌ 2023లో అమెరికా తీరంలోని ఓషన్‌ విండ్‌ ప్రాజెక్టులు రెండింటినీ వదిలేసి 2,800 కోట్ల క్రోనర్లకు పైగా విలువను పుస్తకాల్లోంచి కొట్టేసింది. ద్రవ్యోల్బణం, వడ్డీ రేట్లు, సరఫరాల్లో జాప్యం కారణాలుగా చూపింది. దీన్ని ఆదర్శవాదం ఓటమి అని ఎగతాళి చేసినవాళ్లున్నారు. సొమ్ము ఎప్పటికీ సున్నా వడ్డీకే దొరుకుతుందని లెక్క కట్టడం ఆదర్శవాదమా? చేతకాని లెక్క అంటే సరిపోతుంది. ఆ లెక్కలకు తలూపిన ఫండ్‌ మేనేజర్లు ఎందరో. వాళ్లలో ఎవరైనా తమ రుసుములు వెనక్కి ఇచ్చారా?

ఇక పేర్ల సంగతి. డాయిష్‌ బ్యాంకు గొడుగు కింది ఫండ్ల సంస్థ డీడబ్ల్యూఎస్‌ తన ఈఎస్‌జీ పద్ధతుల గురించి లేనిపోనివి చెప్పిందని 2023లో అమెరికా నియంత్రణ సంస్థ 1.9 కోట్ల డాలర్ల జరిమానా వేసింది. 2025 ఏప్రిల్‌లో జర్మనీ ప్రాసిక్యూటర్లు 2.5 కోట్ల యూరోలు వేశారు. ఐరోపాలో సుస్థిరత మాట పేరులో పెట్టుకున్న ఫండు ఆస్తుల్లో కనీసం 80 శాతం ఆ మాటకు తగ్గట్టు ఉండాలన్న నిబంధన వచ్చింది. పాత ఫండ్లకు 2025 మే 21 గడువు. ఆ గడువు లోపు ఆస్తులు మార్చుకోవచ్చు, లేదా పేరు మార్చుకోవచ్చు. వందలాది ఫండ్లు పేరే మార్చుకున్నాయి. సూటిగా చెప్పాలంటే ఇన్నేళ్లూ జనానికి అమ్మింది ఆ పేరునే.

వేరే రంగంలో ఇలా జరిగితే ఊరుకుంటామా? ముప్ఫై ఏళ్ల గ్యారంటీ అని చెప్పి ఇల్లు కట్టి ఇచ్చినవాడు, అయిదో ఏట సిమెంటు ధర పెరిగింది కాబట్టి గ్యారంటీ చెల్లదంటే కోర్టుకు ఈడుస్తాం. మదుపు రంగంలో మాత్రం దాన్ని వ్యూహాన్ని సరిచేసుకోవడం అంటారు, పత్రికా ప్రకటన విడుదల చేస్తారు. ఈ ఆనవాయితీ పాతుకుపోతే ఇవాళ వాతావరణం మాట పోయింది, రేపు కార్మికుల భద్రత మాట పోతుంది, ఎల్లుండి పింఛను హామీ మాట పోతుంది. ప్రతిదానికీ ‘పరిస్థితులు మారాయి’ అన్న ఒక్క సాకు చాలు. పరిస్థితులు మారినా నిలిచేదాన్నే కదా దీర్ఘకాలం అంటారు!

ఈ అబద్ధానికి కూలి కట్టేది పొదుపుదారు. ఏటా 3 శాతం ద్రవ్యోల్బణం చాలు, ఇరవై నాలుగేళ్లలో దాచుకున్న సొమ్ము కొనుగోలు శక్తి సగమవడానికి. 6 శాతమైతే పన్నెండేళ్లే. ఆ మనిషికి షేర్లు తప్ప గత్యంతరం లేదు. మంచి కంపెనీని ఎన్నుకొని కూర్చోవడం తప్ప మార్గం లేదు. అతని తరఫున ఆ ఎంపిక చేస్తామని ఏటా రుసుము తీసుకునేవాళ్లు మాత్రం మూణ్నెల్లకోసారి వచ్చే ఫలితాలు చూసి కొంటారు, అమ్ముతారు. వాళ్ల బోనస్‌ ఏడాదికోసారి, అతని పింఛను నలభై ఏళ్లకు.

నియంత్రణ సంస్థలు పేర్ల మీద చూపిన పట్టుదల లెక్కల మీదా చూపాలి. దీర్ఘకాలిక ఫండు అని అమ్ముకునే ప్రతి సంస్థా ఏ ద్రవ్యోల్బణం అంచనాతో, ఏ డిస్కౌంట్‌ రేటుతో కంపెనీలకు విలువ కట్టిందో ముందే రాసి ఇవ్వాలి. రేటు రెట్టింపైతే ఏ వాగ్దానం నిలుస్తుందో, ఏది నిలవదో అమ్మకానికి ముందే చెప్పాలి. మారిస్తే ఏ తేదీన, ఎవరి నిర్ణయంతో మార్చారో ఖాతాదారుకు రాతపూర్వకంగా తెలియజేయాలి. సగటున ఒక్కో షేరును ఎన్నాళ్లు అట్టిపెట్టుకున్నారో వార్షిక నివేదిక మొదటి పేజీలో అచ్చేయాలి. ఇవేవీ కష్టమైన పనులు కావు. ఆ అంకెలన్నీ వాళ్ల దగ్గర ఇప్పటికే ఉన్నాయి, దాచుకున్నారంతే.

వడ్డీలు మళ్లీ దిగుతాయి, సొమ్ము మళ్లీ చవకవుతుంది. ఆకుపచ్చ అట్టలేసిన కరపత్రాలతో ఇదే పెద్దమనుషులు మళ్లీ తలుపు తడతారు, 2060 అనో 2070 అనో కొత్త తేదీ చెబుతారు. కరపత్రం తెరవకముందే 2022లో ఏం కొన్నారో, ఏం అమ్మారో ఆ పేజీ చూపించమని అడగండి. చూపించకపోతే కూర్చోమని కూడా అనకండి.