సముద్రం వైపు చూడమ్మా, అంట!

ఈమధ్య ఎవడ్ని కదిపినా సామాన్యుడి మీద షార్ట్ డాక్యుమెంటరీ తీస్తున్నానంటాడు. తియ్యండి, వద్దన్నామా? కానీ తెల్లారగట్ల డ్రోన్ షాటు, వెనకాల ఏడుపు ఫ్లూటు, స్లోమోషన్‌లో నడక... అందరి బతుకూ ఒకేలా ఉంటుందేంట్రా బాబూ!

మా వీధికి చేపలు తెచ్చే ఆవిడది విశాఖలో పెదజాలరిపేట. మా ఫ్రెండొకడు ఆవిడ మీద ఎనిమిది నిమిషాల ఫిల్మ్ తీస్తానంటే లైట్లు మోయడానికి నేనూ ఫిషింగ్ హార్బర్‌కి వెళ్లా. చేపల వేలం పాట మొదలైపోయింది, ఆ అరుపుల మధ్య ఆవిడ మొప్ప ఎత్తి చూడ్డం, ఎరుపు తగ్గితే వదిలెయ్యడం, వంజరం రేటు అందదని తెలియగానే కానాగంతల వైపు తిరిగి, ఐసు, ఆటో ఖర్చు మనసులోనే తీసేసి పాడ్డం, ఇంకో ఇద్దరితో వాటా కలుపుకోవడం, అబ్బో, అదీ సినిమా అంటే. మావాడికి ఇవేం కనపళ్లేదు. "అమ్మా, ఒక్కసారి సముద్రం వైపు చూడమ్మా, ఏదో ఆలోచిస్తున్నట్టు" అంటాడు. "అటేపు సూస్తే ఈ సేపలెవులు కొంతారు బాబూ" అందావిడ. ఆ ఒక్క ముక్కా రికార్డవలేదు, వెధవ మైకు ఆన్ చెయ్యలేదు!

మూడు టేకులయ్యేసరికి మంచి సరుకంతా వెళ్లిపోయింది. ఆరోజు బేరం మావల్లే పోయింది, మేమిచ్చిందేమో ఒక టీ. కెమెరా అద్దెకి డబ్బులుంటాయి గానీ ఆవిడ రోజు సంపాదనకి ఉండవా?

మనవాడు కొత్తగా కనిపెట్టిందేం కాదులెండి. 1922లో వచ్చిన 'నానూక్ ఆఫ్ ది నార్త్' అనే డాక్యుమెంటరీ కోసమే దాని డైరెక్టర్ ఫ్లాహర్టీ, లోపల వెలుతురు చాలక, ఓ పక్క తెరిచేసిన ఇగ్లూ, అదే మంచు ఇల్లు, కట్టించి అందులో ఎస్కిమో కుటుంబాన్ని పడుకోబెట్టి తీశాడు. ఆయనకంటే అప్పటి కెమెరాతో తిప్పలు. నీకేమైందిరా, జేబులో ఫోనే చీకట్లో తీసేస్తుంటే?

ఇంకోటి, ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు వేట నిషేధం, మరబోట్లు కదలవు, ఆవిడ ఎండుచేపలు పట్టుకుని తిరుగుతుంది, అప్పుడొక్కడూ కెమెరా తేడు. డ్రోన్‌కి అందంగా ఏం దొరుకుతుంది మరి.

ఫిల్మ్ అయ్యాక నా ఫోన్లో ఆవిడకి చూపించా. "నానెప్పుడు ఇలా నడిసాను బాబూ?" అంది. ఇంతలో పక్కింటి గేటు దగ్గర్నుంచి ఎవరో చేపలూ అని కేకేశారు, గంపెత్తుకుని వెళ్లిపోయింది. ఇంకా ఐదు నిమిషాల ఫిల్మ్ ఉంది.