ఆట భద్రంగానే ఉంది, ఆడనివ్వరు

తొంభైల్లో వేసవి సెలవులు టీవీ ముందు గడిపినవాళ్లకి ఈ పని గుర్తుండే ఉంటుంది. మారియో వీడియో గేమ్ మధ్యలో ఆగిపోతే క్యాసెట్ లాగి, అడుగున ఉండే పళ్ల మీద ఉఫ్‌మని ఊది, మళ్లీ గుచ్చడం. (ఆ ఊదుడుతో ఒరిగిందేమీ లేదు, నోటి తడి తగిలి తుప్పు పట్టడం తప్ప.) 1985లో వచ్చిన ఆ సూపర్ మారియో బ్రదర్స్ మొత్తం కలిపితే 40 కేబీ. పొద్దున్నే వాట్సాప్‌లో వచ్చే గుడ్ మార్నింగ్ ఫొటో అంతకంటే పెద్దది.

కాబట్టి దాచడం పెద్ద సమస్య కాదు. అభిమానులు ఏళ్ల క్రితమే వేల క్యాసెట్లని కాపీ చేసి పెట్టారు. పాత వెబ్‌సైట్లని, పుస్తకాల్ని దాచే ఇంటర్నెట్ ఆర్కైవ్ 2013 నుంచి పాత కన్సోల్ (టీవీకి తగిలించి ఆడే యంత్రం) ఆటల్ని బ్రౌజర్‌లోనే ఆడిస్తోంది. చిక్కంతా అనుమతి దగ్గరే. అమెరికాలో 2010కి ముందు వచ్చిన ఆటల్లో 87 శాతం ఇప్పుడు మార్కెట్లో దొరకడం లేదని పాత ఆటల చరిత్రని భద్రపరిచే వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో లెక్క తేల్చింది. అదే ఏడాది మార్చిలో మారియోని తయారుచేసిన నింటెండో తన 3డీఎస్, వీ యూ అనే గేమ్ యంత్రాల ఆన్‌లైన్ షాపుల్లో అమ్మకాలు ఆపేసింది. డౌన్‌లోడ్‌గా మాత్రమే వచ్చిన ఆటలకి సెకండ్ హ్యాండ్ క్యాసెట్ కూడా ఉండదు కదా!

పాత ఆటల్ని మళ్లీ అమ్ముకుంటాం, ఊరికే ఇచ్చేస్తే మా వ్యాపారం ఏం కావాలి అంటాయి కంపెనీలు. మారియో విషయంలో అది న్యాయమే. మరి క్రీడాకారుల పేర్ల మీద, సినిమా పాత్రల మీద తీసుకున్న లైసెన్సు గడువు తీరిపోయిన ఆటల సంగతి? మూతపడిన కంపెనీల ఆటల్ని ఎవరు అమ్ముతారు?

లైబ్రరీల్లోని ఇలాంటి ఆటల్ని పరిశోధకులు ఇంటి నుంచే చూసేలా కాపీరైట్ చట్టం నుంచి మినహాయింపు ఇవ్వమని అమెరికా కాపీరైట్ ఆఫీసుని అడిగారు. 2024 అక్టోబర్‌లో ఆ ఆఫీసు కుదరదంది. చెప్పిన కారణాల్లో ఒకటి, జనం వాటిని వినోదానికి వాడేసుకుంటారేమోనని! లైబ్రరీలో నవల తీసుకునేవాణ్ణి పరిశోధనకా, టైంపాస్‌కా అని ఎవరైనా అడుగుతారా?

87 శాతం లెక్క తేల్చిన ఆ హిస్టరీ ఫౌండేషనే 2025 జనవరిలో తన డిజిటల్ లైబ్రరీ తెరిచింది. పాత గేమ్ పత్రికలు, ఆటల తయారీ నాటి కాగితాలు ఇంట్లో కూర్చుని తిరగేయొచ్చు. ఆటలు మాత్రం అందులో పెట్టలేదు. వాటికోసం పరిశోధకుడైనా సరే, పైరసీ సైట్ల వైపు చూడాల్సి వస్తోంది.