కేంద్ర వాటా రెండు వందల రూపాయల వారికి బహిరంగ లేఖ

మహారాజశ్రీ ఇందిరాగాంధీ జాతీయ వృద్ధాప్య పింఛనులో కేంద్ర ప్రభుత్వ వాటాగా వెలుగొందుతున్న నెలసరి 200 రూపాయల వారి సముఖానికి, అనంతపురం పాతవూరు నుంచి ఒక పౌరుడు నమస్కరించి రాసుకుంటున్న విన్నపం.

ఉభయకుశలోపరి. తమరి కుశలం గురించి మాకు బెంగ లేదు. బియ్యం, కందిపప్పు, బీపీ మాత్రల ధరలు ఎటు పోయినా తమరు చెక్కుచెదరరని ఇన్నేళ్ళుగా చూస్తూనే ఉన్నాం. 1995 ఆగస్టు 15న 75 రూపాయలుగా అవతరించి, ఆ తర్వాత 200కు ఎదిగి, 2007లో ఇందిరాగాంధీ గారి పేరు ధరించిన తమరు, ఆనాటి నుంచి పెరుగుదల అనే ప్రాపంచిక వ్యామోహాన్ని పూర్తిగా జయించారు. 2011లో అర్హత వయసు 65 నుంచి 60కి దిగింది గానీ తమరు కదలలేదు. ఢిల్లీలో ప్రభుత్వం మారింది, ప్రణాళికా సంఘం పోయి నీతి ఆయోగ్ వచ్చింది, పెద్ద నోట్లు రద్దయ్యాయి, గ్రామీణాభివృద్ధిపై పార్లమెంటు స్థాయీ సంఘం తమరిని పెంచమని పదే పదే సిఫారసు చేసింది. తమరి తపస్సు భగ్నం కాలేదు. 2017 ఆగస్టులో రిజర్వు బ్యాంకు పసుపుపచ్చని రెండు వందల నోటును విడుదల చేసినప్పుడు, అది తమరి నిలకడకు జరిగిన సన్మానమేమో అని మాలో కొందరికి అనుమానం కూడా కలిగింది.

తమరిని ముప్పై రోజులకు పంచితే రోజుకు 6 రూపాయల 66 పైసలు వస్తాయి. సప్తగిరి సర్కిల్ దగ్గర కప్పు టీ కూడా ఆ ధరకు రాదు. ఇక ఉగ్గాని, బజ్జీ సంగతి తమరి ముందు ఎత్తడం అమర్యాద. ఈ జిల్లాలోనే, నార్పల మండలం బండ్లపల్లిలో 2006 ఫిబ్రవరి 2న మొదలైన ఉపాధి హామీ పనికి 2025-26లో మన రాష్ట్రంలో రోజుకూలి 307 రూపాయలు. గడ్డపార పట్టగలిగినవాడి ఒక్క రోజుకు కట్టిన విలువలో దాదాపు మూడింట రెండు వంతులు, ఇక పట్టలేని వయసుకు వచ్చినవాడి నెల మొత్తానికి కట్టారన్నమాట. ఆ కూలి ధరల సూచీని బట్టి మారుతూ వచ్చింది. తమరికి అటువంటి చపలత్వం లేదు.

తమరు ఎంత నిరాడంబరులంటే, ప్రతి నెలా ఒకటో తేదీన తెల్లవారుతూనే వార్డు సచివాలయం ఉద్యోగి వచ్చి, వేలిముద్ర తీసుకుని, మా వీధిలోని అవ్వాతాతల చేతిలో పెట్టే 4,000 రూపాయలలో తమరూ ఉన్నారన్న సంగతి చాలామందికి తెలియదు. ఎనిమిది ఐదువందల నోట్లలో తమరు ఏ నోటులో ఏ మూల ఒదిగి ఉన్నారో కనిపెట్టడం ఎవరి తరమూ కాదు. మిగిలిన 3,800 రూపాయలు రాష్ట్రానివి, వాటిది వేరే జాతకం. 2014 ఎన్నికలు అయ్యాక పింఛను 1,000 అయింది. 2019 ఎన్నికలకు ముందు 2,000, ఎన్నికలు ముగియగానే 2,250. 2024 ఎన్నికలకు ముందు 3,000, ఫలితాలు రాగానే 4,000, పైగా పెంపును ఏప్రిల్ నుంచి లెక్కగట్టి ఆ జూలై ఒకటిన ఒకేసారి 7,000. మా అవ్వలు "మళ్ళీ ఎలక్షన్లు ఎప్పుడు నాయనా" అని అడుగుతుంటే ప్రజాస్వామ్యం మీద వారికి ఎంత మక్కువో అని మురిసిపోయేవారూ ఉన్నారు. అయితే అదే 2024 ఏప్రిల్, మే నెలల్లో, ఎన్నికల నియమావళి పేరిట, అంతవరకు పింఛను ఇంటికి తెచ్చి ఇస్తున్న వాలంటీర్లను పంపిణీ నుంచి తప్పించినప్పుడు, ఆ మక్కువకు మూల్యంగా వృద్ధులు నిప్పులు చెరిగే ఎండలో సచివాలయాల చుట్టూ, బ్యాంకుల చుట్టూ తిరిగారు.

ధరలతో పాటు పింఛను దానంతటదే పెరగడం ఈ దేశంలో సాధ్యం కాదని ఎవరైనా అంటే తమరు నమ్మవద్దు. 2018లో చేసిన చట్టసవరణ ప్రకారం పార్లమెంటు సభ్యుల జీతాలు ద్రవ్యోల్బణ సూచీని అనుసరించి అయిదేళ్ళకొకసారి పెరుగుతాయి; మాజీ సభ్యుల నెల పింఛను కూడా ఆ సూచీ లెక్కనే, 2023 ఏప్రిల్ నుంచి వర్తించేటట్టు, 25,000 నుంచి 31,000 రూపాయలయింది. దాని కోసం వారిలో ఒక్కరూ కలెక్టరేటు ముందు టెంటు వేసుకుని కూర్చోవలసిన అవసరం రాలేదు. పెరిగిన ఆ ఆరు వేలలో తమరి వంటివారు ముప్పైమంది పడతారు.

వృద్ధాప్య భద్రత మూడు స్తంభాల మీద నిలవాలని 1994లో ప్రపంచ బ్యాంకు ఉపదేశించింది: పేదరికంలో పడకుండా ప్రభుత్వం ఇచ్చేది మొదటిది, నిర్బంధ పొదుపు రెండవది, ఇష్టపూర్వకమైన పొదుపు మూడవది. (అందుకు ఆదర్శంగా నిలిచిన చిలీ 1981లో జనం పింఛన్లను ప్రైవేటు సంస్థలకు అప్పగించినప్పుడు, అక్కడి సైనిక పాలకులు తమ సైన్యాన్నీ పోలీసులనూ మాత్రం పాత పద్ధతిలోనే భద్రంగా ఉంచుకున్నారు.) మన దేశంలో ఆ మొదటి స్తంభం తమరే. లేపాక్షి గుడిలో నేలకు పూర్తిగా ఆనకుండా వేలాడే స్తంభం ఒకటుంది; దాని కింద తువ్వాలు దూర్చి ఇటునుంచి అటు లాగి చూపిస్తారు. తమరూ అటువంటివారే. పైకప్పు భారమంతా పక్క స్తంభాలు మోస్తున్నాయి. తమరు పుట్టిన 1995లోనే నేపాలు కూడా 75 ఏళ్ళు దాటినవారికి, బీదా గొప్పా అని అడగకుండా, నెలకు 100 నేపాలీ రూపాయలు ఇవ్వడం మొదలుపెట్టింది. అది 2021 నాటికి 4,000 అయింది. తమరి ఈడువారు ఇలా ఎదిగిపోవడం చూసి తమరు మనసు కష్టపెట్టుకోకూడదు.

ఇక కుర్రకారు తమరి మీద ఆధారపడకూడదని 2015లో అటల్ పింఛను యోజన తెచ్చారు. పద్దెనిమిదేళ్ళవాడు నెలకు 210 రూపాయలు కడుతూ పోతే, అరవై నిండాక నెలకు 5,000 వస్తాయి. కేంద్రం ఒక వృద్ధుడికి ఇచ్చేదానికంటే పది రూపాయలు ఎక్కువ ఆ కుర్రవాడు తన జేబులోనుంచి తీయాలి. వేరుశనగ ఎండిపోయి కల్యాణదుర్గం వైపు నుంచి బెంగుళూరుకు బేల్దారి పనికి పోయినవాడు, ఏ నెలలో పని ఉంటుందో ఏ నెలలో ఉండదో తెలియనివాడు, నలభై రెండేళ్ళూ ఆ కంతులు తప్పకుండా కట్టాడనే అనుకుందాం. ధరలను బట్టి పెరగని ఆ 5,000 అప్పటికి ఏ మాత్రం కొనగలదో ఊహించడానికి తమరి జీవితచరిత్ర ఒక్కసారి తిరగేస్తే చాలు. 2014 నుంచి 1,000 రూపాయల దగ్గరే ఆగిపోయిన ఉద్యోగుల భవిష్యనిధి కనీస పింఛను కూడా తమరి వంశాంకురమే కదా.

మరొక్క మనవి. ఎనభై ఏళ్ళు నిండినవారి విషయంలో తమరు 500 రూపాయలుగా మారుతారని నిబంధన ఉంది. మా వీధిలోని ఒక అవ్వకు, ఆధార్ కార్డు జనవరి 1 అని ఖాయం చేసిన పుట్టినరోజు లెక్కన, వచ్చే సంక్రాంతిలోపే ఎనభై నిండుతాయి. ఈ పదోన్నతి కబురు ఎవరో ఆమె చెవిన వేసినప్పటి నుంచి, పెరిగే 300 రూపాయలతో మందుల షాపు బాకీ నెలనెలా ఎలా తీర్చాలో వేళ్ళ మీద లెక్కపెట్టుకుంటున్నది. రాష్ట్రం పంచే మొత్తం ఎనభై ఏళ్ళకైనా 4,000 రూపాయలే కాబట్టి, తమరు 300 పెరిగితే రాష్ట్రం తన వాటాలో 300 తగ్గించుకుంటుందని, ఆమె చేతికి అవే ఎనిమిది నోట్లు వస్తాయని చెప్పడానికి మా వీధిలో ఎవరికీ నోరు రావడం లేదు. ఆ సంగతేదో తమరే ఆమెకు ఒక ఉత్తరం ముక్క రాసి తెలియజేయవలసిందిగా కోరుతూ,

ఇట్లు,
తమరి కాబోయే లబ్ధిదారుడు,
పాతవూరు, అనంతపురం.