మక్తా గోడ గారికి

గోడ గారికి,

నమస్కారాలు. ఈ 'గారు' ఏమిటని కంగారు పడకండి. ఒకప్పుడు మీ వైపు తిరిగి నిలబడిన మగవాళ్లు చాలామందే ఉండేవారు గానీ, వాళ్లెవరూ మిమ్మల్ని చూడటానికి నిలబడినవాళ్లు కాదు. ఇప్పుడు మీ హోదా వేరు. మీరిప్పుడు గోడ కాదు, మ్యూరల్, అంటే పెద్ద బొమ్మ వేయించుకున్న గోడ. పేరు మారినవాళ్లని ఏకవచనంలో పిలిచే ధైర్యం నాకు లేదు.

మొన్న ఆదివారం పొద్దున్న ఏడింటికి 500 రూపాయలు కట్టి, గైడు వెంట నడుస్తూ చూసే టూరులో మిమ్మల్ని చూడటానికి వచ్చాను. మా ఇంట్లోనూ నాలుగు గోడలున్నాయి, వాటిని ఎంతసేపు చూసినా టికెట్ లేదు. మా ఆవిడ సరిగ్గా ఆ మాటే అని, గేటు వేసుకుంది.

నెక్లెస్ రోడ్ ఎంఎంటీఎస్ స్టేషన్ దగ్గర పద్నాలుగు మందిమి చేరాం. అందరికీ టోపీలు, నీళ్ల సీసాలు, కొండ ఎక్కడానికి పనికొచ్చే బూట్లు. రైలు పట్టాలు దాటి ఎంఎస్ మక్తాలోకి వెళ్లడానికి అన్ని ఏర్పాట్లు ఎందుకో నాకు తెలియలేదు. గవర్నరు ఉండే భవనం పక్కనే ఉన్న బస్తీ అది. అక్కడివాళ్లు హవాయి చెప్పులతో రోజుకి పదిసార్లు ఆ దారినే తిరుగుతారు. మా గైడమ్మాయి మాత్రం గొంతు తగ్గించి, "ఇప్పుడు మనం అసలైన హైదరాబాద్‌లోకి ఎంటరవుతున్నాం" అంది. ఇరవై రెండేళ్లుగా నేనున్నది నకిలీ హైదరాబాద్ అని అప్పుడే తెలిసింది. ఇంటి పన్ను మాత్రం అసలైనదే కట్టించుకుంటున్నారు.

ఆ అమ్మాయిని తప్పు పట్టను. బాగా చదువుకుని వచ్చింది. పేరు మధ్యలో ప్లస్ గుర్తు పెట్టుకున్న స్టార్ట్ ఇండియా ఫౌండేషన్ వాళ్లు 2016లో ఇక్కడికొచ్చి మీకు రంగులు వేయించారనీ, అంతకుముందు ఢిల్లీ లోధీ కాలనీలో ఇదే పని చేశారనీ, ఇలాంటి చోటుని 'ఆర్ట్ డిస్ట్రిక్ట్' అంటారనీ చెప్పింది. మనకి జిల్లాలు 33 అనుకుంటున్నాను, కలెక్టరు లేని ఈ జిల్లా లెక్కలోకి రాలేదు.

లోధీ కాలనీ నేను చూశాను. 1940ల్లో బ్రిటిష్ వాళ్లు ప్రభుత్వ ఉద్యోగుల కోసం కట్టిన క్వార్టర్లు. వెడల్పు రోడ్లు, చెట్లు, ఎత్తయిన గోడలు. అక్కడ బొమ్మ మొత్తం కనిపించాలంటే తాపీగా వెనక్కి నడుచుకుంటూ పోవచ్చు. మీ దగ్గర వెనక్కి రెండడుగులు వేస్తే ఎదురింటివాళ్ల వంటింట్లో తేలతాం. నేను తేలాను. ఉల్లిపాయలు తరుగుతున్న ఆవిడ ఏమాత్రం ఆశ్చర్యపోకుండా, "గోడ చూస్తున్నరా? ఇంకొంచెం లోపలికి రాండ్రి, అక్కడికెల్లి మంచిగ కనవడతది" అంది. నిజమే. మీ బొమ్మ పూర్తిగా కనిపించే చోటు ఆవిడ గ్యాస్ పొయ్యి పక్కనే.

ఇంత పెద్ద పదవి వచ్చాక పాత చుట్టాలని మరిచిపోయారేమో అని ఈ ఉత్తరం. మీ వంశం చిన్నదేం కాదు. మా చిన్నప్పుడు ఊరి మొదట్లో గోడ మీద తలకిందులుగా ఉన్న ఎర్ర త్రికోణం, నవ్వే నాలుగు ముఖాలు, 'చిన్న కుటుంబం చింతలేని కుటుంబం' అన్న రాత ఉండేవి. ఆ గోడ వెనక ఇంట్లో మేం తొమ్మిదిమందిమి. ఆ తర్వాత జాజుతో రాసిన ఎర్ర నినాదాలు వచ్చాయి. రాత్రి ఉండేవి కాదు, తెల్లారేసరికి ఉండేవి. ఎవరు రాశారని పోలీసులు అందరినీ అడిగారు. గోడలకి చెవులుంటాయంటారు గానీ, మీకు నోరు లేకపోవడం వల్ల ఎంతమంది బతికి బట్టకట్టారో ఎవరూ లెక్క రాయలేదు. పోలీసులు దగ్గరుండి సున్నం కొట్టించేవారు. వానాకాలంలో ఆ సున్నం కరిగి ఎర్రక్షరాలు మళ్లీ తేలేవి.

ఎన్నికలొస్తే మీరు ముందుగానే బుక్కయ్యేవారు. 'ఈ గోడ ఫలానా పార్టీకి రిజర్వు' అని రాసి, పక్కన సంవత్సరం కూడా వేసేవారు. పెళ్లి హాలుకి కూడా అంత ముందుగా అడ్వాన్సు ఇవ్వరు. షెడ్యూలు ప్రకటించగానే మళ్లీ చెరపడం. ఎన్నికల కోడ్ ప్రకారం ప్రభుత్వ ఆఫీసుల గోడల మీద రాతలు 24 గంటల్లో పోవాలి. బస్టాండ్లు, వంతెనల మీదవి 48 గంటల్లో, సొంత ఇళ్ల గోడల మీద అనుమతి లేకుండా రాసినవి 72 గంటల్లో పోవాలి. 72 గంటల్లో రంగు మార్చగలిగేది లోకంలో గోడ ఒక్కటే అనుకునేవాణ్ణి. మన నాయకులు ఆ రికార్డు ఎప్పుడో కొట్టేశారు లెండి.

'ఇచ్చట నోటీసులు అంటించరాదు' అని మీ మీద మీటరు ఎత్తు అక్షరాల్లో అంటించిన నోటీసు సంగతీ, కాళ్ల దగ్గర టైల్స్‌లో వెంకటేశ్వరస్వామి, మక్కా, ఏసుప్రభువు పక్కపక్కనే కూర్చుని ఒకే విషయం మీద కాపలా కాయడం సంగతీ గైడమ్మాయి చెప్పలేదు. అది 'కల్చర్' కిందికి రాదేమో. నాకు తెలిసి ఈ నగరంలో మూడు మతాలు ఒక్క మాట మీద నిలబడిన చోటు మీ పాదాలే.

ఇంకో సందేహం. బహిరంగ స్థలాలని అందవిహీనం చేయకూడదని 1997 నాటి చట్టం ఒకటుంది. అందుకే సినిమా పోస్టరు అంటించే కుర్రాడు మైదా బకెట్టు పట్టుకుని అర్ధరాత్రి దొంగలా వచ్చి దొంగలా పోతాడు. అదే గోడ మీద రంగు వేయడానికి ఇంకొకరికి క్రేన్ పెట్టి, పైకెక్కించి, కిందనుంచి వీడియో తీస్తారు. ఎక్కడిదాకా అందవిహీనం, ఎక్కణ్ణుంచి అందం? మీరే చెప్పాలి, ఎందుకంటే రెండూ పడ్డది మీ మీదే.

ఇక్కడ కొంచెం సొంత గోడు.

మా మేనమామ మిర్యాలగూడలో గోడలు రాసేవాడు. రైస్ మిల్లులు, సిమెంటు, పురుగుమందులు, పార్టీలు, ఎవరు పిలిస్తే వాళ్లకి. నీలిమందు పూసిన దారానికి ఒక కొస నేను పట్టుకుంటే, ఇంకో కొస ఆయన పట్టుకుని మధ్యలో లాగి వదిలేవాడు. గోడ మీద సన్నటి నీలం గీత పడేది. ఆ గీతల మధ్య పెన్సిలు కూడా పెట్టకుండా బ్రష్‌తోనే అక్షరం దింపేవాడు. ఇంగ్లీషు రాయడం తేలికరా, అన్నీ ఒక వరసలో బుద్ధిగా నిలబడతాయి అనేవాడు. తెలుగు అలా కాదు. 'శ్రీ లక్ష్మీ నరసింహ' అని రాయమంటే 'క్ష్మీ' దగ్గర ఆయనకి చెమట పట్టేది. పైన గుడిదీర్ఘం, కింద ఒకదాని కింద ఒకటి రెండు ఒత్తులు. ఆ ఒక్క అక్షరానికి మూడంతస్తుల మేడ కట్టాలి. కింద గీత చాలకపోతే 'మ' ఒత్తు వెళ్లి రెండో వరసలో ఉన్న 'రైస్ మిల్' నెత్తిన కూర్చునేది. అలా కూర్చోకుండా రాసినవాడే ఆర్టిస్టు. పని అయ్యాక కింద మూలన చిన్నగా తన పేరు, పక్కన 'ఆర్ట్స్'. అడుగు లెక్కన డబ్బులు. మూలన రాసుకున్న పేరుకి మాత్రం అడుగు లెక్క లేదు.

2000 తర్వాత ఫ్లెక్సీ వచ్చింది. మూడు రోజుల పని గంటలో. 'క్ష్మీ' కి చెమట పట్టని మిషన్ అది. ఒత్తులన్నీ ఒకే సైజు, ప్రతి ఊళ్లో ప్రతి నాయకుడి కిందా అదే అక్షరం. మా మామ ఇప్పుడు ఒక పెయింట్ల షాపులో మిషన్ ముందు కూర్చుని డబ్బాల్లో రంగు కలుపుతాడు. ఏ షేడ్ నెంబరుకి ఎన్ని చుక్కలో కంప్యూటరే చెబుతుంది.

ఇదంతా మీకెందుకంటే, ఆ రోజు మా బృందం ఒక కటింగ్ షాపు ముందు ఆగింది. గైడమ్మాయి మాకు హనీఫ్ కురేషీ గురించి చెప్పింది. స్టార్ట్ ఇండియా మొదలుపెట్టినవాళ్లలో ఒకరు, 2024లో చనిపోయారు. వీధి పెయింటర్లు చేత్తో రాసిన అక్షరాలన్నీ పోతున్నాయని బాధపడి, వాటిని సేకరించి కంప్యూటర్ ఫాంట్లుగా మార్చే పని పెట్టుకున్నారట. వింటుంటే నాకు గొంతు పట్టేసింది. ఆ అమ్మాయి వీపు వెనక, తలుపు మీద, ఆ షాపు బోర్డు ఉంది. ఎనామిల్ పెయింటు, పసుపు మీద ఎరుపు, అంచుకి నల్ల నీడ, మూలన ఎవరిదో పేరు, పక్కన 'ఆర్ట్స్'. వెనక్కి చూడమని వేలు చూపించాను. చూసింది. "ఓ, క్యూట్!" అంది. "నెక్స్ట్ మ్యూరల్ లెఫ్ట్‌లో ఉంటుంది."

బొమ్మలు బాగాలేవని అనను. స్వాతి, విజయ్ అనే చిత్రకారుల జంట గీసే పల్లె ఆడవాళ్ల ముఖాల ముందు నేను నోరు మూసుకుని నిలబడ్డాను. ముక్కుపుడక, కొప్పు, ఎటో చూస్తున్న ఆ కళ్లు. ఎండకీ వానకీ మక్తాలో రంగు అక్కడక్కడా వెలిసింది. వెలిసిన చోట ఆ ముఖాలకి ఇంకా కొంచెం వయసొచ్చినట్టుంది, అదీ బాగుంది. ఆ పని చేసినవాళ్లకి దండం. నా పేచీ గీసినవాళ్లతో కాదు, చూడ్డానికొచ్చిన మా పద్నాలుగు మందితో.

ఫ్రేములో లుంగీ పడుతోందని మాలో ఒకాయన ఎవరిదో దండెం మీద లుంగీ పక్కకి జరిపాడు. స్కూటర్ అడ్డమని ఇంకొకరు ఆ ఇంటి తలుపు కొట్టారు. ఓ పెద్ద కళ్ల బొమ్మ ఉన్న గోడ కింద అరుగు మీద ఒక అవ్వ చింతపండు గింజలు తీస్తోంది. "అవ్వా, కొంచెం బొమ్మ పక్కన నిలబడతావా? కాంట్రాస్ట్ బాగుంటుంది" అన్నారు. అవ్వ పైకి చూసింది. "నేనెందుకు బిడ్డా, ఆమె మంచిగనే ఉంది గద" అని మళ్లీ చింతపండులో పడింది.

అందరూ ముందుకెళ్లాక నేను అరుగు చివర కూర్చున్నాను. అవ్వ నన్ను కార్పొరేషన్ మనిషి అనుకుంది. చేతిలో బాటిలు, మెడలో ట్యాగు, అనుకోవడంలో తప్పులేదు. లోపలికి రమ్మని చూపించింది. మీ రెండో వైపు, గోడ గారూ. బయట మూడంతస్తుల ఆడమనిషి నిలబడి ఉన్న చోట, లోపల మేకుకి క్యాలెండరు, దాని చుట్టూ నల్లగా చెమ్మ, ఊడిపోతున్న సున్నం. ఏ షేడ్ కార్డులోనూ లేని రంగు. "బయట రంగులేసిన్రు, బాగుంది. లోపలికెల్లి నీళ్లు దిగుతున్నయి. అది ఎవరికి చెప్పాలె?" అంది. నేను నడకకి వచ్చినవాణ్ణని చెప్పాను. "గోడ చూసుటానికి పైసలు గట్టినవా?" అని నవ్వి, అందులో తనకేమైనా వస్తుందా అని అడిగింది. ఆ ప్రశ్న నేను గైడమ్మాయికి చేరవేశాను. 'కమ్యూనిటీ ఎంగేజ్‌మెంట్' అనే మాట నాలుగుసార్లు వచ్చిన ఒక జవాబు చెప్పింది. దాన్ని తెలంగాణలోకి మార్చి అవ్వకి చెప్పడం నావల్ల కాలేదు.

చివర్లో గ్రూప్ ఫోటో. మిమ్మల్ని వెనక పెట్టుకుని అందరం నిలబడ్డాం, నేను మధ్యలో. ఫోన్లు పైకి లేచాయి. ఇంతలో బ్యాటు పట్టుకున్న పిల్లాడొకడు వచ్చి నా ముందు నిలబడ్డాడు. ఫోటోలో పడాలనుకుంటున్నాడేమో అని పక్కకి లాక్కున్నాను. వాడు చెయ్యి విడిపించుకున్నాడు.

"అంకుల్, జర జరుగున్రి. వికెట్లకి అడ్డమున్నరు."

తిరిగి చూశాను. నా నడుము ఎత్తులో, ఆ పెద్ద బొమ్మ పాదాల దగ్గర, ఇటుక ముక్కతో గీసిన మూడు నిలువు గీతలు. పైన బెయిల్స్ కూడా పెట్టారు.

జరిగాను.

ఇట్లు,
మీ మీద ఇంతవరకూ ఏమీ అంటించని
ఒక నగరవాసి